కారు అద్దం కడిగే ద్రవం: ఎంతకాలం నిల్వ ఉంటుంది? ఎలా భద్రపరచాలి?

ఎదుటి లారీ చిమ్మిన బురద కారు ముందు అద్దంపై పడగానే డ్రైవరు మీట నొక్కుతాడు. సన్నని ధార అద్దాన్ని తడుపుతుంది, వైపర్ తుడుస్తుంది. ఆ ధార బానెట్ కింద ఉండే చిన్న ప్లాస్టిక్ ట్యాంకు నుంచి వస్తుంది. అందులో పోసే ద్రవం ఎంతకాలం పనికివస్తుంది, దాన్ని ఎలా దాచాలి అనే విషయాలను ఈ పాఠంలో తెలుసుకుందాం.

ద్రవంలో ఏముంటుంది?

ఇందులో ముఖ్యంగా నీరు, మురికిని విడదీసే సబ్బు వంటి పదార్థం ఉంటాయి. చాలా రకాలలో మిథనాల్, ఇథనాల్, ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లలో ఏదో ఒకటి కూడా ఉంటుంది. ఆల్కహాలు వల్ల ద్రవం త్వరగా గడ్డకట్టదు. లేహ్ వంటి చోట్ల ఇది తప్పనిసరి. ఎందుకంటే నీరు గడ్డకడితే దాని పరిమాణం సుమారు 9 శాతం పెరిగి, ట్యాంకు, గొట్టాలు పగిలే ప్రమాదం ఉంది. మన మైదాన ప్రాంతాలలో ఆ భయం లేదు.

ఎంతకాలం ఉంటుంది?

సీలు విప్పని సీసా సాధారణంగా కొన్నేళ్లు చెడిపోదు. దానిపై ముద్రించిన గడువునే ప్రమాణంగా తీసుకోవాలి. సీలు విప్పాక మూత వదులుగా ఉంటే, నీటికంటే ముందుగా ఆల్కహాలు ఆవిరవుతుంది. మిథనాల్ 64.7 డిగ్రీల సెల్సియస్ వద్దే మరుగుతుంది. ఆల్కహాలు తగ్గిన ద్రవం చూడటానికి మామూలుగానే ఉన్నా, చలికి త్వరగా గడ్డకడుతుంది.

నీరు కలిపిన తరువాత ఆయుష్షు ఇంకా తగ్గుతుంది. సూక్ష్మజీవులను అడ్డుకునే పదార్థాలు పలచబడటమే ఇందుకు కారణం. అందుకే ఎప్పటికి కావలసింది అప్పుడే కలుపుకోవాలి. వాసన మారినా, అడుగున జిగురు పేరుకున్నా పారబోసి ట్యాంకు కడగాలి.

ఉత్త నీరు చాలదా?

చాలదు. బోరునీటిలోని కాల్షియం లవణాలు ధార వచ్చే సన్న రంధ్రాలను మూసివేస్తాయి. అంతకంటే ముఖ్యమైనది ఆరోగ్యం. న్యుమోనియా కలిగించే లీజియొనెల్లా బ్యాక్టీరియా 20 నుంచి 45 డిగ్రీల మధ్య, నిలిచిన నీటిలో బాగా పెరుగుతుంది. మన వాతావరణంలో ట్యాంకులోని నీరు ఏడాదిలో చాలాకాలం ఆ వేడిలోనే ఉంటుంది. తుంపరలను పీల్చినప్పుడు ఆ బ్యాక్టీరియా ఊపిరితిత్తులకు చేరుతుంది. ట్యాంకులో ఉత్త నీరు వాడే డ్రైవర్లకు ఈ జబ్బు ముప్పు ఎక్కువని ఇంగ్లండ్, వేల్స్‌లలో జరిపి 2010లో ప్రచురించిన పరిశోధన తెలిపింది. కాబట్టి డిస్టిల్డ్ వాటర్‌లో, సీసాపై చెప్పిన పాళ్లలో ద్రవాన్ని కలపడం మేలు. బట్టల సబ్బుపొడి మాత్రం వద్దు. అది నురగ కట్టి, అద్దంపై చారలు మిగులుస్తుంది.

ఎలా దాచాలి?

సీసాను అది వచ్చిన రూపంలోనే, మూత బిగించి, నీడలో నిలువుగా ఉంచాలి. ఎండలో నిలిపిన కారు డిక్కీలో ఉంచకూడదు. ఆల్కహాలు ఉన్న ద్రవం, దాని ఆవిరి మండుతాయి కనుక పొయ్యికి, దీపానికి దూరంగా పెట్టాలి.

అన్నిటికంటే పెద్ద జాగ్రత్త ఒకటుంది. మిగిలిన ద్రవాన్ని మంచినీళ్ల సీసాలోనో, కూల్‌డ్రింకు సీసాలోనో పోసి ఉంచకండి. నీలిరంగు చూసి పిల్లలు షర్బత్ అనుకోవచ్చు. మిథనాల్ శరీరంలో ఫార్మిక్ ఆమ్లంగా మారి చూపును, ప్రాణాన్ని కూడా తీయగలదు. ఈ ప్రమాదం వల్లనే యూరోపియన్ యూనియన్ 2018లో నిబంధన తెచ్చి, ప్రజలకు అమ్మే ఇటువంటి ద్రవాలలో మిథనాల్ 0.6 శాతం కంటే తక్కువ ఉండాలని నిర్ణయించింది. ఎవరైనా పొరపాటున తాగితే వాంతి చేయించకుండా, ఆ సీసాతో సహా వెంటనే ఆసుపత్రికి తీసుకువెళ్లాలి. మొదటి కొన్ని గంటలు ఏ లక్షణమూ కనిపించకపోవచ్చు. అంతమాత్రాన ఆలస్యం చేయకూడదు.

గడువు దాటిన ద్రవం వల్ల అద్దం సరిగా శుభ్రపడకపోవచ్చు, అంతే. తప్పుడు సీసాలో పోసిన ద్రవం వల్ల మాత్రం ప్రాణమే పోవచ్చు.