మంచు మీద హిజాబ్

అబుదాబి పేరు వినని తెలుగు ముస్లిం కుటుంబం ఉండదేమో. కరీంనగర్ నుంచి, కడప నుంచి, హైదరాబాద్ పాతబస్తీ నుంచి బతుకుదెరువు కోసం అటు వెళ్లినవారు మన బంధుమిత్రుల్లో ఒక్కరైనా ఉంటారు. వారు చెప్పే కబుర్లలో ఎండ ఉంటుంది, ఇసుక ఉంటుంది, వేసవిలో 45 డిగ్రీలు తాకే వేడి ఉంటుంది. మంచు మాట మాత్రం ఉండదు. అటువంటి ఊరి నుంచి ఒక ఆడపిల్ల మంచు మీద ఆడే ఆటలో అంతర్జాతీయ పోటీలకు వెళ్లింది. అదీ తలపై హిజాబ్‌తో. ఆమె పేరు జహ్రా లారీ. ఆమె కథను మన పాఠకులతో, ముఖ్యంగా ఎదిగే ఆడపిల్లలున్న తల్లిదండ్రులతో పంచుకోవాలనుకుంటున్నాం.

ఇదీ ఆట

ఫిగర్ స్కేటింగ్ మన ప్రాంతానికి కొత్త. ఎత్తయిన బూటు కింద సన్నని ఉక్కు పట్టీ ఉంటుంది. దాని అంచుల మీద నిలబడి, సంగీతానికి తగ్గట్టు మంచు మీద జారుతూ, తిరుగుతూ, గాలిలోకి ఎగిరి గిరగిర తిరిగి మళ్లీ ఒంటికాలి మీద దిగాలి. ఇలాంటి దూకుళ్లు ప్రధానంగా ఆరు రకాలు. వాటిలో ఆక్సెల్ అనేది మిగతావాటికంటే కష్టం. అది ఒక్కటే ముందుకు చూస్తూ ఎగిరే దూకుడు కావడంతో గాలిలో అర చుట్టు ఎక్కువ తిరగాలి.

పోటీ రెండు భాగాలుగా జరుగుతుంది. మొదటిది సుమారు రెండున్నర నిమిషాల చిన్న ప్రదర్శన. రెండోది నాలుగు నిమిషాల దీర్ఘ ప్రదర్శన. చేసిన ప్రతి విన్యాసానికీ ఒక విలువ ఉంటుంది. ఎంత బాగా చేశారన్నదాన్ని బట్టి న్యాయనిర్ణేతలు దాన్ని పెంచుతారు, తగ్గిస్తారు. కళాత్మకతకు వేరే మార్కులు. చివరగా తప్పులకు కోత. కింద పడితే ఒక మార్కు పోతుంది. వేషధారణ నిబంధనను అతిక్రమించినా ఒక మార్కు పోతుంది. ఈ రెండో కోతను గుర్తుంచుకోండి. జహ్రా కథ తిరిగేది దాని చుట్టూనే.

సినిమా చూసి పుట్టిన కోరిక

జహ్రా 1995లో పుట్టింది. తండ్రి ఎమిరేట్స్‌వాసి, తల్లి అమెరికన్. 2005లో వచ్చిన ‘ఐస్ ప్రిన్సెస్’ అనే హాలీవుడ్ సినిమా చూసి ఆమెకు ఈ ఆట మీద మనసైంది. అప్పటికి ఆమెకు పదకొండు, పన్నెండేళ్లు. ఈ ఆటలో పైకి వచ్చేవారు చాలామంది నాలుగైదేళ్ల వయసులోనే మంచు మీద అడుగుపెడతారు. ఆ లెక్కన ఆమె మొదలుపెట్టడమే ఆలస్యం. సాధనకు చోటా, అబుదాబిలోని జాయెద్ స్పోర్ట్స్ సిటీలో ఉన్న మంచు మైదానం. తెల్లవారుజామున నాలుగున్నరకే లేచి బడికి ముందు సాధన చేసేది. బడి అయ్యాక మళ్లీ అక్కడికే. బయట ఎండ మండిపోతుంటే లోపల చలికి చేతులు కొంకర్లు పోయే చోట ఆ పిల్ల బాల్యం గడిచింది.

తండ్రి మనసు

ఇక్కడ తండ్రి సంగతి చెప్పుకోవాలి. చిన్నపిల్ల సరదాగా ఆడుకుంటోందని ఆయన మొదట పట్టించుకోలేదు. కూతురు ఎదిగి పోటీలకు సిద్ధమవుతుంటే మాత్రం ఆయనకు ఇబ్బంది అనిపించింది. పరాయి మగవాళ్లు చూస్తుండగా తమ ఇంటి ఆడపిల్ల మంచు మీద ప్రదర్శన ఇవ్వడమేమిటని సందేహించాడు. పోటీలు వద్దన్నాడు. కూతురు తండ్రి మాట జవదాటలేదు.

ఆ తరువాత ఒక పోటీకి స్నేహితురాళ్లను ఉత్సాహపరచడానికి తండ్రీకూతుళ్లు కలిసి వెళ్లారు. అక్కడ కూతురు ముఖంలోకి చూశాక ఆయన మనసు కరిగింది. తాను వద్దన్నది ఆమెకు ఎంత ప్రియమైనదో అర్థమైంది. పోటీలకు వెళ్లమన్నాడు. ఆ నాటి నుంచి ఆయనే ఆమెకు అండ. ఈ సంగతిని జహ్రా తన ఇంటర్వ్యూల్లో చెబుతూ వచ్చింది.

ఆ తండ్రిని తప్పుపట్టాలని మాకు అనిపించడం లేదు. ఆయన భయం మన ఇళ్లలోనూ ఉన్నదే. లోకం ఏమంటుందో, పిల్ల పరువు ఏమవుతుందో అన్న దిగులు ప్రేమలోంచే వస్తుంది. అయితే ఆ దిగులు దగ్గరే ఆగిపోకుండా ఆయన వెళ్లి కళ్లారా చూశాడు. చూశాక మనసు మార్చుకోవడానికి నామోషీ పడలేదు. ఆ పని మనలో ఎందరం చేయగలం?

కనాజేలో కోత

2012లో ఇటలీలోని కనాజే పట్టణంలో యూరోపియన్ కప్ పోటీ జరిగింది. పదిహేడేళ్ల జహ్రా అందులో పాల్గొంది. గల్ఫ్ ప్రాంతం నుంచి అంతర్జాతీయ ఫిగర్ స్కేటింగ్ పోటీకి వచ్చిన మొదటి క్రీడాకారిణి ఆమె. హిజాబ్‌తో ఆడిన మొదటి క్రీడాకారిణీ ఆమే. చేతులు, కాళ్లు పూర్తిగా కప్పే దుస్తులు, వాటికి తగిన శిరోవస్త్రం. న్యాయనిర్ణేతలకు ఇది కొత్త. నిబంధనల్లో హిజాబ్ మాట లేదు. వేషధారణ తప్పని మార్కు కోసేశారు.

ఒక్క మార్కే కదా అనిపించవచ్చు. కానీ ఆలోచించండి. మంచు మీద జారిపడితే ఎంత పోతుందో, తల కప్పుకున్నందుకూ అంతే పోయింది. పడకపోయినా పడినట్టే లెక్క! ప్రతి పోటీలోనూ ఇదే జరిగితే ఆమె ప్రతిసారీ మిగతావారికంటే ఒక మెట్టు కింద నుంచే మొదలుపెట్టాలి.

ఇందులో ఒక విచిత్రం కూడా ఉంది. అంతర్జాతీయ స్కేటింగ్ సమాఖ్య నిబంధనలే క్రీడాకారుల దుస్తులు నిరాడంబరంగా, హుందాగా ఉండాలని చెబుతాయి. 2004 వరకు ఆడవాళ్లు తప్పనిసరిగా స్కర్టు వేసుకోవాల్సి ఉండేది. ఆ తరువాతనే ప్యాంటుకు అనుమతి దొరికింది. అంటే నిబంధన మారని రాయి కాదు. అడిగేవారుంటే మారుతుంది.

జహ్రా అడిగింది. అలిగి ఇంటికి రాలేదు, హిజాబ్ తీసి పక్కన పెట్టనూ లేదు. సమాఖ్య వారికి తన విషయం వివరించింది. హిజాబ్ వల్ల ఆటకు అడ్డం లేదని, ఎవరికీ ప్రమాదం లేదని ఆడి చూపించింది. చివరకు సమాఖ్య ఒప్పుకుంది. తల కప్పుకున్నందుకు మార్కు కోసే పద్ధతి పోయింది. ఈ రోజు ఏ దేశపు ముస్లిం బాలిక అయినా హిజాబ్‌తో మంచు మీదికి దిగితే, ఆమె కోల్పోవలసిన ఆ మార్కును జహ్రా ముందే చెల్లించినట్టు లెక్క.

సపోరో నుంచి ఓబర్‌స్టార్ఫ్ దాకా

ఆ తరువాత ఆమె తన దేశానికి అయిదుసార్లు జాతీయ విజేత అయింది. 2017 ఫిబ్రవరిలో జపాన్‌లోని సపోరోలో జరిగిన ఆసియా శీతాకాల క్రీడల్లో ఎమిరేట్స్ తరఫున ఆడింది. ఆసియాలో ఈ ఆటకు జపాన్, కొరియా పెట్టని కోటలు. అక్కడివారితో ఒకే మంచు మీద నిలబడడమే ఎడారి దేశానికి కొత్త సంగతి.

అదే ఏడాది సెప్టెంబరులో జర్మనీలోని ఓబర్‌స్టార్ఫ్‌లో నెబెల్‌హార్న్ ట్రోఫీ జరిగింది. 2018 ప్యాంగ్‌చాంగ్ శీతాకాల ఒలింపిక్స్‌కు మహిళల విభాగంలో ఉన్న 30 స్థానాల్లో 24 అంతకుముందు ప్రపంచ పోటీల్లోనే నిండిపోయాయి. మిగిలిన ఆరింటి కోసం ఇక్కడ పోటీ. జహ్రాకు ఆ స్థానం దక్కలేదు. ఆలస్యంగా మొదలుపెట్టిన ఆటలో, చిన్ననాటి నుంచి శిక్షణ పొందినవారితో తలపడి గెలవడం సులువు కాదు. పతకాలతో కొలిస్తే ఆమె క్రీడాజీవితం చిన్నదే. ఆ మాట దాచి ఆమెను పొగడనక్కర్లేదు. తెరిచిన తలుపులతో కొలిస్తే మాత్రం లెక్క వేరు.

ఆ కాలంలోనే నైకీ సంస్థ క్రీడాకారిణుల కోసం ప్రత్యేకంగా హిజాబ్ తయారుచేసింది. దాన్ని వాడి చూసి సలహాలిచ్చినవారిలో జహ్రా, ఎమిరేట్స్‌కే చెందిన వెయిట్‌లిఫ్టర్ ఆమ్నా అల్ హద్దాద్ ఉన్నారు. తరువాత జహ్రా ఎమిరేట్స్ స్కేటింగ్ క్లబ్ బాధ్యత తీసుకుని, తన వెనుక వచ్చే పిల్లల వైపు దృష్టి పెట్టింది.

ఒంటరి పోరు కాదు

ఈ చిక్కు స్కేటింగ్‌కే పరిమితం కాదు. 2011లో ఇరాన్ మహిళా ఫుట్‌బాల్ జట్టు జోర్డాన్ రాజధాని అమ్మాన్‌లో ఒలింపిక్ అర్హత ఆట ఆడబోతుండగా, హిజాబ్ కారణంగా అడ్డుకున్నారు. ఆ క్రీడాకారిణులు కన్నీళ్లతో మైదానం వదిలారు. 2014లో ఫుట్‌బాల్‌లో తల కప్పుకోవడానికి అనుమతి వచ్చింది. 2017లో బాస్కెట్‌బాల్ సమాఖ్య కూడా దారి ఇచ్చింది. 2016 రియో ఒలింపిక్స్‌లో అమెరికా క్రీడాకారిణి ఇబ్తిహాజ్ ముహమ్మద్ హిజాబ్‌తోనే కత్తిసాములో జట్టు కాంస్యం గెలిచింది.

అంతా తీరిపోయిందని చెప్పలేం. 2024 పారిస్ ఒలింపిక్స్‌లో ఫ్రాన్స్ తన జట్టు క్రీడాకారిణులను హిజాబ్ ధరించనివ్వలేదు. ఇతర దేశాల నుంచి వచ్చినవారు మాత్రం అదే మైదానంలో హిజాబ్‌తో ఆడారు.

మన ఇళ్లలో

మన ఆడపిల్లలందరూ మంచు మీద ఆడాలని మేము చెప్పబోవడం లేదు. మన ఊళ్లలో ఆ మంచూ లేదు. కానీ ప్రతి ఇంట్లో ఒక పిల్లకు ఏదో ఒక కోరిక ఉంటుంది. ఒకరికి చదువు, ఒకరికి ఆట, ఒకరికి బొమ్మలు గీయడం. ‘మనకు కుదరదు’ అనే మాట ఆ పిల్ల రెండు వైపుల నుంచీ వింటుంది. హిజాబ్ ఉంటే కుదరదని బయటివారంటారు. ఆడపిల్లవు కనుక కుదరదని ఇంట్లోవారంటారు. జహ్రాకు రెండూ ఎదురయ్యాయి. ఆమె ఇంట్లోవారిని నొప్పించకుండా ఒప్పించింది. బయటివారికి తలవంచకుండా నచ్చజెప్పింది.

రెండింటిలో ఏది ముందు జరిగిందో గమనించారా? తండ్రి సరేనన్న తరువాతే ఆమె కనాజేకి వెళ్లగలిగింది. లోకం తలుపు తెరవడానికి ముందు ఇంటి తలుపు తెరుచుకోవాలి. అది మాత్రం మన చేతుల్లోనే ఉంది.