ఈ.ఎస్.ఐ. భృతులు – వైద్యుని దృష్టిలో

వ్యాధులను నిజములనియు, ఆగంతుకములనియు మన శాస్త్రం రెండుగా విభజించింది. దోషప్రకోపం చేత లోపల పుట్టేది నిజం. దెబ్బ, అగ్ని, విషం మున్నగు బాహ్యకారణాల వలన కలిగేది ఆగంతుకం. 1948 నాటి చట్టంతో ఏర్పడిన ఈ.ఎస్.ఐ. పథకం కూడా ఇంచుమించు ఈ విభాగాన్నే అనుసరిస్తున్నది.

జ్వరం, కామెర్లు వంటి వాటికి లభించేది అస్వస్థతా భృతి. అది వేతనంలో 70 శాతం. ఏడాదికి 91 రోజులే పరిమితి. దానికి ఆరు నెలల చందా కాలంలో కనీసం 78 రోజుల చందా చెల్లి ఉండవలెను. క్షయ, పక్షవాతం వంటి దీర్ఘవ్యాధులకు 80 శాతంతో పొడిగింపు కలదు. పనిలో గాయపడినచో తాత్కాలిక అశక్తతా భృతి 90 శాతం. అశక్తత ఉన్నంతకాలం ఇస్తారు, 78 రోజుల నిబంధన లేదు. దినవేతనం 600 రూపాయలైతే మొదటిది 420, రెండవది 540.

ఒకే కాలానికి ఈ రెండింటినీ కలిపి పొందరాదు, ఏదో ఒకటి ఎంచుకొనవలెను. కనుక యంత్రంలో వేలు నలిగినవాడు సామాన్య రోగిగా సెలవు చీటీ పుచ్చుకొనుట నష్టం. ప్రమాదం జరిగిన వెంటనే యజమానికి తెలిపి, ప్రమాద పుస్తకంలో వ్రాయించవలెను. నూలుమిల్లు దూది ధూళివలన వచ్చే శ్వాసరోగం మన లెక్కలో నిజమే కావచ్చును. చట్టం దానిని వృత్తివ్యాధిగా గుర్తించి, షరతులకు లోబడి, గాయంతో సమంగా చూస్తుంది. ఈ విషయంలో చట్టం నాకు మెచ్చదగినదిగా తోచును.

గాయం మానిన పిదప శాశ్వత లోపం మిగిలితే, మెడికల్ బోర్డు సంపాదనాశక్తి ఎంత తగ్గినదో నిర్ణయిస్తుంది. పది శాతమైతే పై 540లో పదోవంతు, అనగా రోజుకు 54 రూపాయలు జీవితాంతం వచ్చును. ఇది పొందుతూ ఉద్యోగం చేయవచ్చును. జ్వరం వస్తే అస్వస్థతా భృతి కూడా పొందవచ్చును.

ఎముక విరిగినవారు నేరుగా పుత్తూరు కట్టుకో, మావంటి వైద్యుల వద్దకో పరుగెత్తుట మన ప్రాంతపు అలవాటు. కట్టు మంచిదే. కాని భృతి పొందువారు ఈ.ఎస్.ఐ. వైద్యంలోనే ఉండవలెననియు, వైద్యాధికారి అనుమతి లేక ఊరు విడువరాదనియు నియమం. నేను వ్రాసిచ్చే చీటీని నమ్ముకొని భృతి వస్తుందని కూర్చొనరాదు. అందుచేత పనివారికి నేను మొదట డిస్పెన్సరీలో ధ్రువపత్రం పొంది, అనుమతి అడిగిన పిదపనే తైలానికి రమ్మని చెబుతాను.