యూనియన్ సిటీ నుంచి హైదరాబాదు మీదుగా హాలీవుడ్‌కు

తెలుగు మాట్లాడిన మొదటి సినిమా ఒక పసివాడి కథ. హెచ్. ఎం. రెడ్డిగారు తీసిన "భక్త ప్రహ్లాద" 1932 లో విడుదలైంది. అదే కథను 1967 లో ఏ. వి. ఎం. వారు మళ్ళీ తీసినప్పుడు ప్రహ్లాదుడి వేషం వేసిన రోజారమణి ఆంధ్రదేశంలో ఇంటింటి పిల్ల అయింది. "బడిపంతులు" (1972) లో రామారావుగారికి మనవరాలుగా కనిపించిన శ్రీదేవి, ఏడేళ్ళకు "వేటగాడు" (1979) లో ఆయన పక్కన కథానాయికగా నిలబడింది. రోజారమణి కుమారుడు తరుణ్ 1990 లో "అంజలి" చిత్రంలో బాలనటుడుగా జాతీయ బహుమతి పంచుకున్నాడు. కాబట్టి బాలనటుల సంగతి మనవాళ్ళకు కొత్తదేమీ కాదు. కొత్తదల్లా, ఈ దేశంలో పుట్టిన తెలుగు పిల్ల ఈ దేశపు తెర మీదికి రావడం. ఆ పిల్ల నడిచిన దారిని పాఠకుల ముందు పెట్టి, దానితోపాటు తల్లిదండ్రులందరికీ పనికివచ్చే ఒక విషయం చెప్పాలని మా ఉద్దేశం.

అవంతిక వందనపు 2005 జనవరిలో కాలిఫోర్నియాలోని యూనియన్ సిటీలో పుట్టింది. శాన్‌ఫ్రాన్సిస్కో అఖాతం చుట్టూ ఉన్న ఆ ఊళ్ళలో మనవాళ్ళు ఎందరున్నారో వేరే చెప్పనక్కరలేదు. మన ఇళ్ళలో అందరు పిల్లల్లాగే ఆ అమ్మాయి కూడా నాట్యంతోనే మొదలుపెట్టింది. 2014 లో జీ టీవీ వారు ఉత్తర అమెరికా పిల్లలకు జరిపిన "డాన్స్ ఇండియా డాన్స్ లిటిల్ మాస్టర్స్" పోటీలో రెండవ స్థానం సంపాదించింది. అప్పటికి తొమ్మిదేళ్ళు.

మామూలుగా ఇక్కడితో ఆగిపోతుంది మన పిల్లల కళాజీవితం. ఉగాది కార్యక్రమంలో రెండు పాటలకు ఆడడం, అరంగేట్రం చేయడం, ఆ తరువాత కళాశాల ప్రవేశపత్రంలో అదొక పంక్తిగా మిగలడం. నటన నేర్చుకుందామన్నా, ఆ రోజుల్లో అమెరికా టెలివిజనులో భారతీయ ముఖమున్న పిల్లకు దొరికే వేషాలు వేళ్ళ మీద లెక్కపెట్టవచ్చు. దొరికినా, కళ్ళద్దాలు పెట్టుకుని లెక్కలు చెప్పే స్నేహితురాలి వేషమే. అందుచేత ఈ అమ్మాయి దారి వెనక్కి తిరిగింది. మన తరంవారు హైదరాబాదు నుంచి బయలుదేరి ఇక్కడికి వచ్చాము. ఈమె ఇక్కడినుంచి హైదరాబాదు వెళ్ళి పని నేర్చుకుంది.

మహేశ్‌బాబు నాయకుడుగా వచ్చిన "బ్రహ్మోత్సవం" (2016) ఆమెకు తొలి చిత్రం. అదే సంవత్సరం "ప్రేమమ్", మరుసటి ఏడు "రారండోయ్ వేడుక చూద్దాం", 2018 లో "అజ్ఞాతవాసి" వచ్చాయి. వీటిలో కొన్ని కథానాయిక చిన్ననాటి వేషాలు. అటువంటి వేషం తెర మీద నాలుగైదు నిమిషాలు ఉంటే గొప్ప. పాట మొదలయ్యేసరికి పిల్ల పెద్దదై, ఇంకొక నటి వచ్చేస్తుంది. అయినా కెమెరా ముందు బెదరకుండా నిలబడడం, వందమంది చూస్తూండగా ఏడవమంటే ఏడవడం, నవ్వమంటే నవ్వడం ఆ నాలుగు నిమిషాలే నేర్పుతాయి. ఇక్కడ పుట్టిన పిల్ల తెలుగు సంభాషణ చెప్పవలసి రావడం ఇంకొక పాఠం. ఆదివారం తెలుగు తరగతికి పిల్లలను బ్రతిమాలి పంపే తల్లిదండ్రులు ఈ మాట గమనించాలి. ఆ అమ్మాయికి తెలుగు జీవనోపాధి అయింది.

తరువాత ఇక్కడి తలుపులు తెరుచుకున్నాయి. "డైరీ ఆఫ్ ఎ ఫ్యూచర్ ప్రెసిడెంట్" అనే ధారావాహికలో చిన్న వేషం, ఆ పైన 2021 ఆగస్టులో డిస్నీ ఛానెల్ వారి "స్పిన్". అందులో ఆమె రియా కుమార్. నాన్న నడిపే హోటలులో సాయం చేస్తూ, సంగీతం మీద మనసుపడే అమ్మాయి. డిస్నీ ఛానెల్ సొంతంగా తీసిన చిత్రాలలో భారతీయ అమెరికన్ పిల్ల ప్రధానపాత్రగా వచ్చిన మొదటిది ఇదే. దర్శకురాలు మంజరీ మాకిజానీ. "షోలే" లో సాంబాగా నటించిన మాక్‌మోహన్‌గారి అమ్మాయి ఆమె. రియా తమ్ముడుగా నటించిన ఆర్యన్ సింహాద్రి తరువాత 2023 లో మొదలైన "పెర్సీ జాక్సన్" ధారావాహికలో ముఖ్యమైన పాత్ర ధరించాడు. ఆ ఇంటిపేరు తెలుగువారి చెవికి చుట్టరికంలాగే వినిపిస్తుంది.

2022 లో "సీనియర్ ఇయర్", 2024 జనవరిలో "మీన్ గర్ల్స్" వచ్చాయి. ఈ రెండవదాన్ని గురించి ఒక మాట. 2004 నాటి పాత చిత్రంలో ఆ పాత్ర పేరు కేరెన్ స్మిత్. అందగత్తె, అమాయకురాలు, బుర్రలో ఏమీ లేని పిల్ల. కొత్త చిత్రంలో ఆ పాత్ర అవంతికకు వచ్చి, పేరు కేరెన్ శెట్టి అయింది. మన పిల్లలంటే స్పెల్లింగు పోటీలలో గెలిచేవారని ఈ దేశం వేసిన ముద్ర ఒకటుంది. మనమూ ఆ ముద్రను మురిపెంగా మెడలో వేసుకు తిరుగుతున్నాము. మన పిల్ల ఒకతె తెర మీద హాయిగా తెలివితక్కువదానిగా నవ్వించగలగడం మా దృష్టిలో చిన్న విజయం కాదు. ఏ జాతివారి పిల్లలకైనా అన్ని రకాల వేషాలూ దొరికిననాడే వారిని మనుషులుగా చూస్తున్నారని అర్థం.

అయితే పూలదారి మాత్రమే చూపితే పాఠకులను మోసం చేసినట్లవుతుంది. 2024 లోనే, రాపుంజెల్ అనే జర్మన్ జానపద కథానాయిక వేషం ఈమెకు ఇస్తారని ఒక పుకారు పుట్టింది. అటువంటి ప్రకటన ఎవరూ చేయలేదు. ఆ మాత్రానికే ఆమె రంగును, జాతిని పట్టుకుని తిట్టినవారు లెక్కకు మించిపోయారు. అప్పటికి ఆమెకు పందొమ్మిదేళ్ళు. చప్పట్లు కొట్టే చేతులతోపాటు రాళ్ళు విసిరే చేతులు కూడా ఉంటాయన్న సంగతి పిల్లను తెర మీదికి పంపే తల్లిదండ్రులు ముందుగానే తెలుసుకోవాలి.

ఈమెకు ఎనభై ఏళ్ళ క్రితమే ఈ దేశానికి వచ్చిన భారతీయ బాలనటుడు ఒకడున్నాడు. పేరు సాబు. మైసూరు మహారాజుగారి ఏనుగుశాలలో మావటివాని కొడుకు. 1937 లో వచ్చిన "ఎలిఫెంట్ బాయ్" తో ప్రపంచమంతా తెలిసిపోయాడు. "థీఫ్ ఆఫ్ బాగ్దాద్" (1940), "జంగిల్ బుక్" (1942) చిత్రాలలో నటించి, 1944 లో అమెరికా పౌరుడై, యుద్ధవిమానంలో తుపాకి పట్టి పతకం సంపాదించాడు. కాని పిల్లవాడు పెద్దవాడయ్యాక అతనికి తగిన వేషాలు వ్రాసేవారే కరువయ్యారు. ఏనుగులు, పులులు, తలపాగాలు, ఇవే అతని వంతు. 1963 లో ముప్ఫైతొమ్మిదవ ఏట గుండెపోటుతో పోయాడు. సాబుకు దొరకనిది అవంతికకు దొరికింది. తలపాగా లేని వేషం అది.

ఇక డబ్బు సంగతి. చార్లీ చాప్లిన్ "ది కిడ్" (1921) లో ఆ చిన్నవాడిని మరచినవారుండరు. పేరు జాకీ కూగన్. చిన్నతనంలో అతను సంపాదించినది ముప్ఫై, నలభై లక్షల డాలర్లని అంచనా. ఇరవైయొకటో ఏడు దాటాక చూసుకుంటే చేతికేమీ మిగలలేదు. తల్లి, మారుతండ్రి ఖర్చుపెట్టేశారు. మైనరు సంపాదన తల్లిదండ్రులదేనని ఆనాటి చట్టం. 1938 లో కోర్టుకెక్కితే చివరకు దక్కినది సుమారు లక్షా ఇరవై ఆరువేల డాలర్లు. ఆ గొడవ ఫలితంగా 1939 లో కాలిఫోర్నియాలో బాలనటుల చట్టం వచ్చింది. అందరూ దాన్ని కూగన్ చట్టమనే అంటారు. అందులోని కంతలు పూడ్చి 2000 సంవత్సరం నుంచి గట్టిచేశారు. ఇప్పుడు ఆ రాష్ట్రంలో బాలనటుల సంపాదన పిల్లల సొత్తు. అందులో నూటికి పదిహేను పాళ్ళు విడిగా ట్రస్టు ఖాతాలో వేయాలి. పద్ధెనిమిదేళ్ళు నిండేదాకా దాన్ని ఎవరూ ముట్టుకోకూడదు.

పనివేళలకూ లెక్క ఉంది. కాలిఫోర్నియాలో తొమ్మిదేళ్ళు నిండి పదహారు నిండని పిల్లలు బడి రోజుల్లో షూటింగు స్థలంలో తొమ్మిది గంటలకు మించి ఉండకూడదు. అందులో పని అయిదు గంటలు, చదువు మూడు గంటలు, ఒక గంట విశ్రాంతి. చదువు చెప్పడానికి స్టూడియో టీచరు ఉండాలి. ప్రభుత్వపు పర్మిట్టు లేనిదే పిల్లను కెమెరా ముందు నిలబెట్టకూడదు. మన దేశంలోనూ 2016 నాటి చట్టసవరణ, 2017 నాటి నిబంధనల ప్రకారం బాలనటులు రోజుకు అయిదు గంటలకు మించి పనిచేయకూడదు. విశ్రాంతి లేకుండా ఒక్కబిగిన మూడు గంటలకు మించకూడదు. సంపాదనలో కనీసం నూటికి ఇరవై పాళ్ళు పిల్లల పేర జాతీయ బ్యాంకులో డిపాజిట్టు చేయాలి. ఈ ఒక్క విషయంలో ఇండియా నిబంధన కాలిఫోర్నియా చట్టంకంటే అయిదు పాళ్ళు ఎక్కువే అడుగుతోంది.

"మా పిల్లలు సినిమాలకు వెళ్ళరు, మాకెందుకీ గొడవ?" అని కొందరు అనుకోవచ్చు. ఈనాడు సినిమాకు వెళ్ళనక్కరలేదు. టెలిఫోనులోనే సినిమా ఉంది. పిల్ల పాడినా, ఆడినా, అలిగినా తీసి లోకానికి చూపించి, దానిమీద నాలుగు డాలర్లు చేసుకునే తల్లిదండ్రులు మనలోనూ తయారయ్యారు. ఇల్లినాయ్ రాష్ట్రం 2024 జూలై నుంచి అటువంటి పిల్లలకు కూడా వాటా ఇవ్వాలని చట్టం చేసింది. కాలిఫోర్నియా 2025 జనవరి నుంచి అదే దారి పట్టింది. అంటే వంటింట్లో తీసిన బొమ్మకైనా పిల్ల కష్టం పిల్లదేనని చట్టం ఒప్పుకున్నది.

అవంతిక ఇప్పుడు ఇంటిపేరు వదిలి ఒక్క పేరుతోనే తెర మీద కనిపిస్తోంది. చిన్నప్పుడు వేషం వేసిన ప్రతివారూ పెద్దయ్యాక నిలబడరు. ఆమె నిలబడింది. అందుకు ప్రతిభ ఎంత అవసరమో, వెంట ఉన్న పెద్దల ఓపిక అంత అవసరం. మన సంఘం వేదిక మీద ఎవరి పిల్లనైనా చూసి "సినిమాల్లో పెట్టండి" అని సలహా ఇవ్వడం మనకందరికీ అలవాటు. ఇకమీదట ఆ సలహాతోపాటు మూడు ప్రశ్నలు కూడా వేయమని మనవి. పిల్లకు ఇష్టమేనా? చదువుకు వేళ ఉందా? ఖాతా ఎవరి పేరున తెరిచారు? ఈ మూడింటికీ తృప్తికరమైన జవాబు దొరికితే, అప్పుడు చప్పట్లు ఎంత గట్టిగా కొట్టినా తప్పులేదు.