రెక్కలున్నా ఎగరని ఖప్రా పురుగుకు బస్తాలే వాహనం

హైదరాబాదు: ఏటా జూలై, ఆగస్టు నెలలు వచ్చేసరికి తార్నాక చౌరస్తా దుకాణాలలో పెద్ద పెట్టెల బేరాలు జోరందుకుంటాయి. ఉస్మానియా విశ్వవిద్యాలయంలో చదువు ముగించుకొని అమెరికా ప్రయాణమయ్యే కుర్రవాళ్ళకు ఇళ్ళలో పచ్చళ్ళు, పొడులు సర్దుతారు. ఆ చేత్తోనే అయిదు కిలోల సోనామసూరి కట్టమని అడిగే తల్లులూ ఉంటారు. విషయం తెలిసిన కిరాణా వర్తకుడైతే "బియ్యం వద్దమ్మా, అక్కడ విమానాశ్రయంలోనే తీసి పారేస్తారు" అని చెప్పేస్తాడు. తెలియనివాడు తూచి ఇచ్చేస్తాడు.

తీసి పారేయడానికి కారణం సుంకం కాదు, బియ్యం నాణ్యతా కాదు. మూడు మిల్లీమీటర్ల పొడవైనా లేని ఒక గోధుమరంగు పురుగు. ఖప్రా పురుగు ఉన్న దేశాల నుంచి ప్రయాణికులు సొంతానికి బియ్యం తెచ్చుకోవడాన్ని అమెరికా 2011లో నిషేధించింది. ఆస్ట్రేలియా 2020లో ఇంకా ముందుకు పోయి బియ్యం, పప్పుధాన్యాలతో పాటు ధనియాలు, జీలకర్ర వంటి దినుసులను కూడా ప్రయాణికుల సామానులో రానివ్వకుండా కట్టడి చేసింది. 2023 జూలైలో మన ప్రభుత్వం బాస్మతి కాని తెల్లబియ్యం ఎగుమతిని నిలిపివేసినప్పుడు అమెరికాలోని తెలుగువారు దుకాణాల ముందు బారులు తీరిన సంగతి వర్తకులకు గుర్తుండే ఉంటుంది. ఆ రోజుల్లో కూడా ఇక్కడి నుంచి నాలుగు కిలోలు సంచిలో వేసుకుపోయే వీలు లేకపోయింది.

ప్రయాణికుడి నష్టం అయిదు కిలోలతో పోతుంది. ఎగుమతి వర్తకుడి సంగతి అలా కాదు. వాణిజ్య సరుకుగా పోయే బియ్యానికి, శనగలకు, కుసుమ గింజలకు, సోయాకు ఈ పురుగు లేదని ధ్రువీకరించే మొక్కల ఆరోగ్య పత్రం జత చేయనిదే అమెరికా రేవులో అడుగు పెట్టనివ్వరు. పత్రం ఉన్నా, తనిఖీలో ఒక్క బతికిన పురుగు బయటపడితే సరుకును మళ్ళీ పొగబెట్టించాలి, లేదా తిప్పి పంపాలి, లేదా అక్కడే ధ్వంసం చేయాలి. మూడింటిలో ఏదైనా డెమరేజి ఎక్కుతూనే ఉంటుంది.

ఈ పురుగు పుట్టిల్లు మన ఉపఖండమే. హిందీలో ఖప్రా అంటే ఇంటి పెంకు. గోడ పగుళ్ళలో, ఇటుకల సందులలో దాగే అలవాటును బట్టి ఆ పేరు వచ్చిందంటారు. తెలుగులో ఈ జాతి పురుగులన్నిటినీ మనం పెంకు పురుగులనే అంటాం కనుక పేరు కొత్తగా అనిపించదు. ప్రపంచానికి పెద్ద ముప్పుగా మారిన వంద పరదేశీ జీవుల పట్టికలో దీనికి చోటు దక్కింది. చేనులోని పైరు జోలికి పోదు, నిల్వచేసిన సరుకే దీని మేత. జొన్న, గోధుమ, బియ్యం, మొక్కజొన్న, వేరుశనగ, నూనెగింజలు, ఎండు దినుసులు అన్నీ దీనికి పనికివస్తాయి.

వర్తకులు ముఖ్యంగా గ్రహించవలసింది ఒకటుంది. ఈ పురుగుకు రెక్కలున్నాయి గాని ఎగరదు. ఒక గోడౌను నుంచి మరో గోడౌనుకు తనంత తాను పోలేదు. పాత గోనె సంచి కుట్లలో, లారీ అడుగు చెక్కల సందులో, ఖాళీ కంటైనరు మూలలో రాలిన గింజల మధ్య కూర్చొని మన ఖర్చు మీదనే ప్రయాణం చేస్తుంది. అమెరికాలోని కాలిఫోర్నియాలో 1953లో దీనిని గుర్తించినప్పుడు, గిడ్డంగులకు గిడ్డంగులనే గుడారపు గుడ్డలతో కప్పి విషవాయువు పట్టించారు. అది ముగిసేసరికి 1966 వచ్చింది, సుమారు కోటి పది లక్షల డాలర్లు ఖర్చయ్యాయి. ఆస్ట్రేలియాలోని పెర్త్‌లో 2007లో ఒకే ఒక్క ఇంట్లో, విదేశం నుంచి వచ్చిన ఇంటి సామానులో ఇది కనిపిస్తే ఇల్లు మొత్తం కప్పి పొగబెట్టారు. వారి భయం అతిగా ఉందని మన వర్తకులు కొందరు విసుక్కుంటారు. గోధుమ ఎగుమతి మీద బతికే దేశానికి ఆ భయం ఉండటంలో వింతేమీ లేదు.

తినేది పెద్ద పురుగు కాదు. అది కొద్ది రోజులే బతుకుతుంది, మేత దాదాపు ముట్టదు. ఒక్కో ఆడపురుగు 50 నుంచి 100 వరకు గుడ్లు పెట్టి పోతుంది. వాటి నుంచి వచ్చే, ఒంటినిండా నూగు ఉన్న పిల్లపురుగుదే వినాశనమంతా. మొదట గింజలోని మొలకభాగాన్ని కొరుకుతుంది. అందుకే బస్తా తూకంలో తరుగు కనబడక ముందే విత్తనంగా సరుకు పనికిరాకుండా పోతుంది. పోషక బలం ఉండేదీ అక్కడే. తార్నాకలో ఉన్న జాతీయ పోషకాహార సంస్థ 1918లో కూనూరులో మొదలైంది బెరిబెరి వ్యాధి విచారణ కోసం. బాగా పాలిషు పట్టిన బియ్యంలో మొలకభాగం, తవుడు పోయి బి విటమిను కొరత రావడమే ఆ వ్యాధికి మూలం. మిల్లు చేసే పనినే ఈ పురుగు గోడౌనులో చేస్తున్నదనుకోవచ్చు. ఉస్మానియా విశ్వవిద్యాలయం కూడా అదే 1918లో పుట్టింది. పోషకాహార సంస్థ హైదరాబాదుకు తరలి వచ్చింది మాత్రం 1958లో.

నూగుతో కూడిన పిల్లపురుగు పొరలు బస్తాల పైవరుసలో పొట్టులా పేరుకుంటాయి. అది చూసి తవుడో, దుమ్మో అనుకొని ఊడ్చేసేవారు చాలామంది. ఈ నూగు తిన్నవారి కడుపును, సరుకు ఎత్తే హమాలీల చర్మాన్ని బాధిస్తుంది. పురుగు విసర్జన వల్ల పెరిగే యూరిక్ ఆమ్లం ఆహారధాన్యాలలో కిలోకు 100 మిల్లీగ్రాములు మించరాదని చట్టం ఉన్నది గనుక స్వదేశంలో అమ్మినా చిక్కు తప్పదు.

తెలంగాణ వంటి పొడి వేడి ప్రాంతాలు దీనికి అనుకూలం. 33 నుంచి 37 డిగ్రీల వేడిలో బాగా పెరుగుతుంది, గుడ్డు నుంచి పెద్ద పురుగు కావడానికి నాలుగు వారాలు కూడా పట్టకపోవచ్చు. బాగా ఎండిన గింజకు పురుగు పట్టదన్న మన పాత నమ్మకం ముక్కుపురుగు విషయంలో చెల్లుతుంది, ఖప్రా విషయంలో చెల్లదు. గాలిలో తేమ ఎక్కువగా ఉండే కోస్తా గిడ్డంగులలో మాత్రం ముక్కుపురుగు, నుసిపురుగు దీనిని వెనక్కు నెడతాయి.

ఇక నివారణ. అందరూ వాడేది అల్యూమినియం ఫాస్ఫైడ్ బిళ్ళలే. మూడు గ్రాముల బిళ్ళ నుంచి ఒక గ్రాము ఫాస్ఫీన్ వాయువు వస్తుంది. అయితే ఖప్రా పిల్లపురుగుకు ఒక గుణం ఉంది. మేత కరువైనా, కిక్కిరిసిపోయినా, అది గోడ సందులోకి దూరి ఒక రకమైన నిద్రలో పడిపోతుంది. ఆ స్థితిలో ఆహారం లేకుండా నెలల తరబడి, అడపాదడపా కొంత దొరికితే ఏళ్ళ తరబడి ఉండగలదు. ఊపిరి బాగా తగ్గిపోతుంది కనుక విషవాయువును కూడా తక్కువగానే పీలుస్తుంది. మూడో రోజున లారీ వచ్చిందని గుడ్డ తీసేస్తే మెలకువగా ఉన్నవి చస్తాయి, నిద్రలో ఉన్నవి మిగులుతాయి. అలా అరకొర మోతాదు పదేపదే తగిలిన చోట విషానికి లొంగని సంతతి తయారవుతుంది. వాయువు కారకుండా అంచులకు ఇసుక పాములు పేర్చి, ఏడు రోజులు కదపకుండా ఉంచడం మంచిది. బేరం తొందరలో ఈ ఏడు రోజులే వర్తకుడికి భారంగా తోస్తాయి.

ఆ బిళ్ళలు ప్రభుత్వ సంస్థలు, అనుమతి గల పురుగుల నివారణ నిర్వాహకులు నిపుణుల పర్యవేక్షణలో మాత్రమే వాడాలని నిబంధన. బేగంబజార్, ఉస్మాన్‌గంజ్ వంటి చోట్ల కింద గోడౌను, పైన కాపురం ఉండటం మామూలు. ఫాస్ఫీన్ గోడ సందుల గుండా పక్కింటిలోకి పోతుంది. మనుషులను చంపుతుంది. అటువంటి కట్టడాలలో పొగబెట్టడం మానివేసి సరుకును వేరే చోటికి తరలించి చేయించడం తప్ప మార్గం లేదు.

ఎగుమతి సరుకుకు మిథైల్ బ్రోమైడు ఇంకా వాడుకలో ఉంది. ఓజోను పొరకు హాని చేస్తుందని ఇతర పనులకు దానిని దాదాపు ఆపేసినా, క్వారంటైను అవసరాలకు మినహాయింపు ఉంది. ఖప్రా కోసం ఆస్ట్రేలియా కోరేది ఘనపు మీటరుకు 80 గ్రాముల చొప్పున 48 గంటలు, లేదా వాయువు లేకుండా 60 డిగ్రీల వేడిలో మూడు గంటలు. ఎండలో టార్పాలిను మీద పరచినంత మాత్రాన ఆ వేడి రాదు, పురుగు అంచులకు పాకి తప్పుకుంటుంది. పొగబెట్టే నిర్వాహకులకు శిక్షణ ఇచ్చేది రాజేంద్రనగర్‌లోని జాతీయ మొక్కల ఆరోగ్య యాజమాన్య సంస్థ. మన ఇంటి ముందరే ఉన్న ఈ సదుపాయాన్ని మన వర్తకులు వాడుకొనేది తక్కువే.

పురుగు ఉందో లేదో ముందుగా తెలుసుకోవడానికి ఆడపురుగు వాసనను పోలిన ఫెరమోను ఎరలు వచ్చాయి. తార్నాకలోని భారతీయ రసాయన సాంకేతిక సంస్థలో, 1989కి ముందు ప్రాంతీయ పరిశోధనాలయమని పిలిచినచోట, పంటల పురుగులకు ఇటువంటి వాసన పదార్థాలు తయారుచేసే విద్య ఉంది. ఎర దొరకనివారు మడిచిన గోనె ముక్కలను బస్తాల వరుస మీద అక్కడక్కడ ఉంచి వారానికొకసారి విప్పి చూడవచ్చు. పిల్లపురుగుకు మడతలంటే ఇష్టం. ఆ ముక్కలను వేడినీళ్ళలో వేస్తే సరి.

ఖాళీ గోడౌనులో గోడ పగుళ్ళు సిమెంటుతో పూడ్చి, 50 శాతం మలాథియాన్‌ను లీటరు నీటికి 10 మిల్లీలీటర్లు కలిపి, వంద చదరపు మీటర్లకు మూడు లీటర్ల ద్రావణం చొప్పున గోడలకు, నేలకు కొట్టించవచ్చు. గింజల మీద చల్లరాదు. పాత సంచులు కొనేవారు కుట్లు విప్పి చూసి కొనాలి. సగం తెగులు అక్కడి నుంచే వస్తుంది.

చివరగా బేరం మాట. పొగబెట్టే ఖర్చు అమ్మినవాడిదా, కొన్నవాడిదా అన్న తగవు దలాలీల వద్దకు తరచు వస్తుంది. సౌదాపత్రంలోనే ఆ ఖర్చు, ఏడు రోజుల గోడౌను అద్దె ఎవరివో, తనిఖీలో సరుకు తప్పితే తిరుగు కిరాయి ఎవరు భరించాలో రాసుకుంటే రేవులో తగవు ఉండదు.