కోరమిన్ అంటే ఏమిటి? ఆ పేరుకు ఉన్న అర్థాలు, అపార్థాలు



“సిస్టరమ్మా, కోరమిన్ వేశారా?” క్యాజువాలిటీలో మేము ఇప్పటికీ వినే ప్రశ్న ఇది. పత్తి చేలో పురుగు మందు కొడుతూ పడిపోయిన మనిషిని తెచ్చినవారు అడుగుతారు. మిరప కళ్లంలో పాము కరిచిన మనిషిని తెచ్చినవారు అడుగుతారు. ఎండదెబ్బకు స్పృహ తప్పిన ముసలాయనను తెచ్చినవారు కూడా అడుగుతారు. మా ఎమర్జెన్సీ ట్రేలో ఆ మందు లేదని చెబితే కొందరికి కోపం వస్తుంది, కొందరు గుండె చెదిరిపోతారు. అందుకే ఈ సంచికలో ఆ పేరు గురించి వివరంగా చెప్పదలచాము. ఇది కేవలం మాట గురించిన ముచ్చట కాదు. ఆ మాటను నమ్ముకొని మన పల్లెల్లో విలువైన నిమిషాలు పోగొట్టుకుంటున్నారు.

ఆ పేరు ఎక్కడిది?

కోరమిన్ అనేది కంపెనీ పెట్టిన పేరు. మందు అసలు పేరు నికెతమైడ్. స్విట్జర్లాండ్ దేశంలోని బాసెల్ నగరానికి చెందిన సీబా కంపెనీ 1920లలో దీన్ని కోరమిన్ అనే పేరుతో అమ్మకానికి తెచ్చింది. అంతకు ముందు రోగి నీరసించి నాడి పడిపోతుంటే కర్పూరాన్ని నూనెలో కరిగించి సూదిగా వేసేవారు. కర్పూరం నీటిలో కరగదు కాబట్టి ఆ సూది నొప్పిగా ఉండేది, మందు ఒంటికి సరిగా పట్టేది కాదు. నీటిలో తేలికగా కరిగే కోరమిన్ ఆ కర్పూరం సూది స్థానంలోకి వచ్చింది. ఇది సూదిమందుగానూ, నోట్లో వేసే చుక్కలుగానూ దొరికేది.

లాటిన్ భాషలో ‘కోర్’ అంటే గుండె. మన పల్లెల్లో ‘గుండె సూది’ అన్నా ఇదే. కానీ ఈ మందు పని చేసేది ముఖ్యంగా గుండె మీద కాదు. మెదడు అడుగు భాగంలో ఊపిరిని నడిపించే కేంద్రం ఒకటుంది. కోరమిన్ దాన్ని తట్టి లేపుతుంది. అప్పుడు ఊపిరి కొద్దిసేపు వేగంగా, లోతుగా ఆడుతుంది. నరానికి వేస్తే ఆ ప్రభావం కొన్ని నిమిషాలే ఉంటుంది.

మన వాడుకలో మూడు అర్థాలు

ఈ పేరును పల్లెల్లో రకరకాలుగా పలుకుతారు. కొరామిన్ అంటారు, కొరమీన్ అంటారు. చెరువులో దొరికే కొరమీను చేప పేరులాగే వినిపిస్తుంది గానీ చేపకూ మందుకూ ఏ సంబంధమూ లేదు. పలుకుబడి ఎలా ఉన్నా, ఈ పేరు మన నోట మూడు అర్థాలలో వినబడుతుంది.

మొదటిది, ప్రాణం పోసే సూది. పోతున్న ప్రాణాన్ని పట్టి నిలిపే మందు ఒకటుందనీ, దాని పేరు కోరమిన్ అనీ నమ్మకం. ఏ సూది వేసినా, చివరికి అడ్రినలిన్ వేసినా, కొందరు దాన్ని కోరమిన్ అనే అంటారు.

రెండవది, ఆఖరి సూది. “కోరమిన్ వేశారట” అని ఊరికి కబురు వెళ్లిందంటే ఇక ఆశ లేదని అర్థం. ఆ కబురు విని బంధువులను పిలిపించినవారు, రోగిని ఇంటికి తీసుకుపోతామని మంచం దగ్గర నిలబడినవారు ఉన్నారు. ఒకే పేరు కొందరికి ప్రాణం, కొందరికి చావు కబురు కావడం చిత్రమే. ఆ రోజుల్లో ఆ మందు వేసేది రోగి పూర్తిగా దిగజారినప్పుడు కాబట్టి, వేసిన తరువాత పోయినవారే జనానికి ఎక్కువగా కనిపించారు.

మూడవది, పత్రికల్లో, రాజకీయ ఉపన్యాసాల్లో వినిపించే అర్థం. మూతపడబోతున్న మిల్లుకు అప్పు ఇస్తే కోరమిన్ ఇచ్చారంటారు. ఓడిపోతున్న పార్టీకి ఒక పొత్తు కుదిరితే అది కోరమిన్ అంటారు. నిజానికి ఈ మూడు అర్థాలలో మందు స్వభావానికి దగ్గరగా ఉన్నది ఇదే. రోగం తగ్గలేదు, కొంతసేపు కదలిక వచ్చింది, అంతే. మిల్లుకు ఇచ్చిన అప్పు అయిపోగానే మిల్లు పరిస్థితి ఏమిటో, కోరమిన్ ప్రభావం దిగగానే రోగి పరిస్థితీ అదే.

డాక్టర్లు దీన్ని ఎందుకు వదిలేశారు?

మేము నర్సింగ్ శిక్షణలో ఉన్న రోజుల్లో ఎమర్జెన్సీ ట్రేలో ఏ మందు ఏ వరుసలో ఉంటుందో కంఠతా నేర్పేవారు. ఆ వరుసలో కోరమిన్ ఉండేది. అయితే దాని మీద అనుమానాలు అప్పటికి చాలా ఏళ్ల క్రితమే మొదలయ్యాయి.

1940ల చివరలో డెన్మార్క్ రాజధాని కోపెన్‌హాగెన్‌లో డాక్టర్ కార్ల్ క్లెమ్మెసెన్ నిద్రమాత్రలు ఎక్కువగా మింగినవారికి వైద్యం చేసేవారు. అంతవరకు అలాంటివారికి కోరమిన్ వంటి ఉత్తేజక మందులు మళ్లీ మళ్లీ వేయడమే పద్ధతి. ఆయన ఆ మందులు ఆపి, గొంతులో అడ్డం లేకుండా చూడడం, ఆక్సిజన్ ఇవ్వడం, అవసరమైతే ఊపిరి అందించడం, నరం ద్వారా ద్రవాలు ఇవ్వడం, రోగిని కనిపెట్టి ఉండడం మీద దృష్టి పెట్టారు. అంతకు ముందు నూటికి సుమారు 20 మంది చనిపోయేవారు. ఈ పద్ధతిలో అది నూటికి ఒకరిద్దరికి తగ్గింది. దీనికి స్కాండినేవియన్ పద్ధతి అనే పేరు వచ్చింది.

అదే నగరంలో 1952లో పోలియో వ్యాధి విజృంభించింది. ఊపిరి తీసే కండరాలు చచ్చుబడిన రోగులకు, డాక్టర్ బ్యోర్న్ ఇబ్సెన్ సలహా మీద, గొంతులో గొట్టం పెట్టి, రబ్బరు సంచిని చేతితో నొక్కుతూ ఊపిరి అందించారు. వైద్య విద్యార్థులు వంతులు వేసుకొని రాత్రింబవళ్లు ఆ సంచులు నొక్కారు. మీరు మా వార్డుల్లో చూసే అంబూ బ్యాగ్ 1956లో తయారైంది, అదీ డెన్మార్క్‌లోనే. 1960లో అమెరికాలోని జాన్స్ హాప్కిన్స్ వైద్యులు, గుండె ఆగినవారికి ఛాతీని బయటనుండి నొక్కి రక్తప్రసరణ జరిపించవచ్చని ప్రచురించారు. నేటి సి.పి.ఆర్. అక్కడినుండే వచ్చింది.

కోరమిన్‌కు ఇంకో లోపం ఉంది. ఊపిరిని లేపే మోతాదుకూ, ఫిట్స్ తెప్పించే మోతాదుకూ మధ్య దూరం చాలా తక్కువ. ఆక్సిజన్ అందక తల్లడిల్లే మెదడుకు ఫిట్స్ కూడా తోడైతే ఏమవుతుందో ఆలోచించండి. మన ప్రాంతంలో ఒకప్పుడు పత్తికి ఎండోసల్ఫాన్ విపరీతంగా కొట్టేవారు. సుప్రీంకోర్టు 2011లో దాన్ని నిలిపివేసింది. ఆ విషం తలకెక్కితే ఫిట్సే వస్తాయి. అలాంటి రోగికి కోరమిన్ వేయడం మంట మీద కిరసనాయిలు పోయడమే.

మరి ఇప్పుడు ఏం వేస్తారు?

అన్ని ఆపదలకూ ఒకే సూది అనే ఆలోచన పోయింది. ఏ ఆపద అయినా మొదటి పని ఊపిరి, రక్తప్రసరణ నిలపడం. ఆ తరువాత ఆపదను బట్టి మందు.

మోనోక్రోటోఫాస్ వంటి ఆర్గానోఫాస్ఫేట్ పురుగు మందులకు విరుగుడు అట్రోపిన్. ఈ విషంలో నోటినుండి నురగ వస్తుంది, ఊపిరితిత్తులు నీటితో నిండుతాయి, కంటిపాప సూదిమొనలా చిన్నదవుతుంది, ఊపిరి కండరాలు సడలుతాయి. అట్రోపిన్ ఆ నీటిని ఆరబెడుతుంది.

పాము కాటుకు యాంటీ వీనమ్ అనే విరుగుడు ఇస్తారు. కట్లపాము కాటు సంగతి అందరూ తెలుసుకోవాలి. రాత్రి నేల మీద పడుకున్నవారిని అది కరిస్తే నొప్పి పెద్దగా ఉండదు, గాటు కూడా కనిపించకపోవచ్చు. తెల్లవారేసరికి కనురెప్పలు వాలిపోతాయి, మాట ముద్దగా వస్తుంది, ఊపిరి తగ్గుతుంది. కన్ను తెరవలేని, వేలు కదపలేని ఆ రోగికి మన మాటలు వినబడుతూ ఉండవచ్చు. చూసినవారు అయిపోయిందనుకుంటారు. కానీ కొన్ని రోజులు వెంటిలేటరు మీద ఊపిరి అందిస్తే అలాంటివారు లేచి కూర్చుంటారు. అందువల్ల ఆఖరి దశ అని మీరే తీర్పు చెప్పకండి.

గుండె ఆగినప్పుడు అడ్రినలిన్ వేస్తారు. ఛాతీ నొక్కడం, ఊపిరి ఇవ్వడం జరగకపోతే దానివల్ల కూడా ఉపయోగం లేదు.

పుట్టగానే ఏడవని బిడ్డకు ఒకప్పుడు కోరమిన్ వాడేవారు. ఇప్పుడు బిడ్డను వెంటనే తుడిచి, వెచ్చగా ఉంచి, వీపు రుద్ది, అప్పటికీ ఊపిరి తీయకపోతే మొదటి నిమిషంలోనే చిన్న అంబూ బ్యాగ్‌తో గాలి అందిస్తారు. మన దేశంలో ఈ శిక్షణ 2009 నుండి నవజాత శిశు సురక్షా కార్యక్రమం ద్వారా ఇస్తున్నారు.

ఇది బలం మందు కూడా కాదు. క్రీడాకారులు వాడకూడని ఉత్తేజకాల జాబితాలో నికెతమైడ్ ఉంది. 2013లో క్రొయేషియా టెన్నిస్ ఆటగాడు మారిన్ సిలిచ్ వాడిన గ్లూకోజ్ బిళ్లల్లో ఈ మందు ఉండడంతో నిషేధానికి గురయ్యారు.

ఈ పేరు వల్ల జరిగే నష్టం

మొదటి నష్టం ఆలస్యం. పడిపోయిన మనిషిని ముందు ఊళ్లో ‘ఒక సూది’ వేయించి తరువాత పట్నం తీసుకుపోదామనుకుంటారు. ఆ సూది కోసం ఆర్‌ఎంపీ ఇంటికి, మందుల షాపుకు తిరిగే అరగంటలోనే చాలాసార్లు ప్రాణం పోతుంది. ఊపిరి, రక్తప్రసరణ లేకుండా మెదడు తట్టుకునేది కొన్ని నిమిషాలే.

రెండవ నష్టం మనసుకు. “ఆ రోజు కోరమిన్ దొరికి ఉంటే మా నాన్న బతికేవాడు” అని ఏళ్ల తరబడి కుమిలిపోయేవారిని మేము ఎరుగుదుము. అన్నదమ్ములు ఒకరినొకరు నిందించుకున్న ఇళ్లు కూడా ఉన్నాయి. అలాంటివారందరికీ చెబుతున్నాము: ఆ మందు దొరికినా ఆగిన గుండెను నడిపించేది కాదు. మీరు తేలేకపోయినది ప్రాణాన్ని కాదు. ఆ భారం దించుకోండి.

ఊళ్లో మీరు చేయవలసినవి

1. మనిషి పడిపోతే భుజం తట్టి గట్టిగా పిలవండి. పలకకపోతే వెంటనే 108కి ఫోన్ చేయించండి. ఈ అంబులెన్సు సేవ మన రాష్ట్రంలో 2005 ఆగస్టు 15 నుండి ఉంది.

2. పలుకు లేదు, ఊపిరి లేదు లేక ఎగశ్వాస మాత్రమే ఉంది అంటే, నేల మీద వెల్లకిలా పడుకోబెట్టి ఛాతీ మధ్యలో రెండు చేతులతో నొక్కండి. పెద్దవారికి 5 సెంటీమీటర్లు దిగేలా, నిమిషానికి 100 నుండి 120 సార్లు. అంబులెన్సు వచ్చేవరకు ఆపకండి. అలసిపోతే ఇంకొకరు అందుకోండి.

3. ఊపిరి ఉండి స్పృహ లేకపోతే ఎడమ పక్కకు తిప్పి పడుకోబెట్టండి. నోట్లో నీళ్లు, సోడా, కాఫీ, ఏ చుక్కలూ పోయవద్దు. అవి ఊపిరితిత్తుల్లోకి పోతాయి.

4. పురుగు మందు అయితే తడిసిన బట్టలు తీసి, సబ్బు నీళ్లతో ఒళ్లు కడగండి. కడిగేవారు చేతికి ప్లాస్టిక్ సంచి తొడుక్కోండి. నోటితో ఊపిరి ఊదవద్దు. ఉప్పు నీళ్లు తాగించి వాంతి చేయించవద్దు. మందు డబ్బా తప్పక వెంట తీసుకురండి.

5. పాము కరిస్తే కోయవద్దు, నోటితో పీల్చవద్దు, తాడుతో బిగించి కట్టవద్దు. కరిచిన కాలో చెయ్యో కదలకుండా ఒక చెక్క బద్దను వదులుగా కట్టి, నడిపించకుండా ఆసుపత్రికి చేర్చండి.

6. ఎండదెబ్బకు నీడలోకి చేర్చి, ఒంటి మీద నీళ్లు పోస్తూ విసరండి. చల్లబరచడమే అక్కడ మొదటి వైద్యం.

ఛాతీ నొక్కడం నేర్చుకోవడానికి చదువు అవసరం లేదు. పన్నెండు కిలోల మిరప బుట్ట ఎత్తే చేతులకు ఆ బలం ఉంది. మీ వాడలో కనీసం ఇద్దరికి ఇది వచ్చేలా చూసుకోండి. మీ ఊరి స్త్రీల సమాజంవారు గానీ, యువజనులు గానీ పదిమంది కలిసి అడిగితే, బొమ్మ మీద నేర్పడానికి మా నర్సులను పంపిస్తాము. దానికి రుసుము లేదు.