ఫ్రెంచి పెంకు – విశాఖ ఇంటికప్పు

ఫ్రెంచివారి ఇంటికప్పు అనగానే వాస్తుశిల్పులకు 17వ శతాబ్దివాడైన ఫ్రాన్స్వా మాన్సార్ పేరు స్ఫురించును. పైభాగము మెల్లగా వాలి, క్రిందిభాగము ఇంచుమించు నిలువుగా దిగు ఆ కప్పులోపల ఒక అంతస్తంత చోటు దొరకును. పారిసు నగరమునకు అది చక్కగా అమరినది. విశాఖపట్టణమునకు చేరినది ఆ కప్పు కాదు, ఫ్రాన్సున పుట్టిన పెంకు. పాత నగరమున మిగిలియున్న ఇండ్లపై ఎఱ్ఱగా కనిపించు దానినే మనము బెంగుళూరు పెంకు అందుము. పేరు బెంగుళూరుదే కాని, ఊరు అది కాదు.

1841లో అల్సాసు సీమయందు జిలార్డోని సోదరులు, ఒకదానిలో నొకటి ఇమిడి కూర్చుండు పెంకునకు పేటెంటు పొందిరి. ఆ తీరు పెంకులు మార్సేల్సు రేవునుండి దేశదేశములకు ఓడలెక్కెను. 1865లో బాసెల్ మిషనువారు మంగుళూరులో కర్మాగారము పెట్టి, అచ్చటి నదుల బంకమట్టితో ఇట్టి పెంకులనే చేయింపసాగిరి.

అంతకుముందు మనకున్నది కుమ్మరి చేసిన గూనపెంకు. వెల్లకిల ఒక వరుస, బోరగిల ఒక వరుస పరచవలయును. పిల్లి నడచినను కదలును. ఏటేట వానలకు ముందు సర్దించుకొనవలసినదే.

క్రొత్త పెంకునకు ఒక అంచున గాడి, వేఱొక అంచున గట్టు కలవు. గాడిలో దిగిన నీరు క్రింది పెంకు మీదికి జారిపోవును. అడుగునగల ముక్కులు రీపరును పట్టుకొనును. చదరపు మీటరుకు సుమారు 15 పెంకులు చాలును. పెంకుల సందులనుండి వేడిగాలి వెలికిపోవును. పగటి వేడిని రాత్రివఱకు దాచియుంచు సిమెంటు శ్లాబుకు ఈ గుణము లేదు.

అయితే విశాఖ తుపానుల ఊరు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ ఆ సంగతి మఱల తెలిపినది. పెనుగాలి కప్పును క్రిందికి నొక్కుననుకొందుము గాని, వాలుమీదుగా పోవుచు అది పెంకును పైకి పీల్చును. చూరు, కొప్పు ముందుగా లేచును. పెంకు అడుగున చిన్న రంధ్రముండునది ఇందులకే: తీగతో రీపరునకు కట్టుటకు. కట్టక వదలుటయే వాడుకయైనది, ఇది మాకు సబబుగా తోచదు. కనీసము చూరువరుసలనైన కట్టవలయును. ఉప్పుగాలికి ఇనుపతీగ తినిపోవును గనుక రాగితీగ మేలు. కొప్పుపెంకులను సున్నముతోనో సిమెంటుతోనో బిగింపవలయును.

శ్లాబు వేయింతుమా, పెంకే ఉంచుదుమా అని తర్కించువారు ఇంకొకటి చూడవలయును. పగిలిన పెంకును మాత్రమే తీసి మార్చవచ్చును. అందుకై అదే అచ్చు పెంకులు పదో పరకో అటకపై దాచవలయును. వేఱొక అచ్చుపెంకు ఆ గాడిలో కూర్చుండదు.