విలన్ గొంతులో మన సీమ మాట

అనంతపురం నుంచి హైదరాబాద్‌కో, వైజాగ్‌కో చదువుకోడానికి పోయినోళ్ళని ఎవరినైనా అడిగి చూడండి. హాస్టల్లో మొదటి వారం దాటకముందే రూమ్మేట్ నుంచి ఒక ప్రశ్న వస్తుంది. ‘‘మీ ఊళ్ళో నిజంగానే సుమోలు గాల్లోకి లేస్తాయా?’’ అడిగినోడు నవ్వుతాడు, మనమూ నవ్వేస్తాం. ఆ తర్వాత మన నోట్లోంచి ‘యాడికి పోతాండావప్పా’ అని ఒక్క మాట జారితే చాలు. గది మొత్తం గొంతులు బరువు చేసుకుని, కళ్ళు పెద్దవి చేసి డైలాగులు మొదలుపెడుతుంది. వాళ్ళు ఇమిటేట్ చేసేది మనల్ని కాదు, జయప్రకాశ్ రెడ్డిని.

ఆయన హీరో కాదు. పోస్టర్ మీద ఆయన బొమ్మ హీరో భుజం వెనకే ఉండేది. 1988 నుంచి 2020 దాకా విలన్, విలన్ తమ్ముడు, హీరోయిన్ మేనమామ, మంత్రి, ఎమ్మెల్యే, పోలీసు... ఏదో ఒక పక్క పాత్ర. అయినా సీమ యాస అనగానే సగం తెలుగు జనానికి ముందు గుర్తొచ్చేది ఆయన గొంతే. ఒక సైడ్ క్యారెక్టర్ ఆర్టిస్టు ఒక ప్రాంతం మాటకే గుర్తుగా మిగిలిపోవడం చిన్న సంగతి కాదు. అది మనకు మేలు చేసిందా, కీడు చేసిందా అన్నది మాత్రం అంత తేలిగ్గా తేలే లెక్క కాదు.

లెక్క అంటే గుర్తొచ్చింది, ఆయన లెక్కల మాస్టారు.

పుట్టింది 1946 మే 8న, ఆళ్ళగడ్డ దగ్గర సిరివెళ్ళలో. నాన్న పోలీసు సబ్ ఇన్‌స్పెక్టర్. అప్పట్లో అదంతా కర్నూలు జిల్లా. చిన్న చదువులు నెల్లూరులో. తర్వాత మన అనంతపురంలో, సాయిబాబా నేషనల్ హైస్కూల్లో చదివారు. పుట్టింది నల్లమల పక్కన, హైస్కూలు మన ఎర్రనేల మీద. సీమ మాటను ఆయన షూటింగ్ కోసం నేర్చుకోలేదు. చిన్నప్పుడే చెవిన పడిన మాట అది.

ఇక్కడ పాత సంగతి ఒకటి చెప్పుకోవాలి. మన జిల్లాకు నాటకం కొత్త కాదు. తెలుగు రంగస్థలం మీద ఇప్పటికీ అందరూ తలుచుకునే బళ్ళారి రాఘవ పుట్టింది తాడిపత్రిలోనే, 1880లో. అసలు పేరు తాడిపత్రి రాఘవాచార్యులు. పగలు బళ్ళారి కోర్టులో ప్లీడరు, రాత్రి స్టేజీ మీద నటుడు. మేనమామ ధర్మవరం రామకృష్ణమాచార్యులు పేరున్న నాటక రచయిత. రాఘవ గొంతు చించుకుని పద్యం పాడే పద్ధతిని పక్కనపెట్టి, మనిషి మాట్లాడినట్టే మాట్లాడాలన్నారు. ఆడ పాత్రలు ఆడవాళ్ళే వేయాలని పట్టుబట్టారు. సినిమాలు చేసింది కొన్నే. 1936లో ‘ద్రౌపదీ మానసంరక్షణం’లో దుర్యోధనుడు వేశారు, 1939లో ‘రైతుబిడ్డ’లో నటించారు. 1946 ఏప్రిల్ 16న పోయారు. సుమారు మూడు వారాలకు సిరివెళ్ళలో జయప్రకాశ్ రెడ్డి పుట్టారు. ఇందులో దైవలీల ఏమీ లేదు, కాకతాళీయమే. కానీ ఇద్దరి బతుకు లెక్క మాత్రం ఒకటే. పొట్టకు ఒక ఉద్యోగం, ప్రాణానికి నాటకం.

జయప్రకాశ్ రెడ్డి గుంటూరులో టీచరుగా చేరారు. బడి అయిపోయాక రిహార్సల్స్, సెలవొస్తే ఎక్కడో ఒక పరిషత్తు పోటీలో నాటకం. జర్మనీలో కథ వేరు. అక్కడ ఊరూరా ప్రభుత్వ డబ్బుతో నడిచే నాటకశాలలు 140 దాకా ఉన్నాయి. చాలావాటిలో నటులు నెలజీతం మీద పనిచేస్తారు. చిన్న పాత్రలు వేసేవాళ్ళు కూడా ఏళ్ళ తరబడి స్టేజీ మీదే బతికి, మధ్యలో సినిమాకో సీరియల్‌కో పోయి వస్తుంటారు. మనకు ఆ ఏర్పాటు లేదు. పరిషత్తులో బెస్ట్ యాక్టర్ కప్పు గెలిచినా సోమవారం పొద్దున సుద్దముక్క పట్టుకోవాల్సిందే.

నల్లగొండలో ‘గప్‌చుప్’ నాటకం ఆడినప్పుడు దాసరి నారాయణరావు కంట్లో పడ్డారు. దాసరి ఆయన్ని నిర్మాత రామానాయుడికి పరిచయం చేశారు. అట్లా వచ్చింది 1988లో వెంకటేశ్ ‘బ్రహ్మపుత్రుడు’. తలుపు తెరుచుకుంది అనుకుంటాం గదా? తెరుచుకుని మళ్ళీ మూసుకుంది. కొన్నేళ్ళు వరసగా చిన్న వేషాలు వేసినా, ఇల్లు గడిచేంత సంపాదన రాలేదు. మళ్ళీ గుంటూరు, మళ్ళీ లెక్కల క్లాసు. ఆయన కథలో నాకు అన్నిటికంటే నచ్చేది ఈ భాగమే. నలభై దాటిన మనిషి, సినిమాల్లో ముఖం కనబడిన మనిషి, తిరిగొచ్చి పిల్లల ముందు నిలబడి పాఠం చెప్పడానికి ఎంత గుండె కావాల!

వీరభద్రయ్య వచ్చాడు

1997లో రామానాయుడి సంస్థ నుంచే మళ్ళీ పిలుపు వచ్చింది. సినిమా ‘ప్రేమించుకుందాం రా’, డైరెక్టర్ జయంత్ సి. పరాన్జీ, పాత్ర ఫ్యాక్షన్ లీడర్ వీరభద్రయ్య. అప్పటికి ఆయన వయసు 51.

ఆ సినిమా మళ్ళీ చూడండి, ఈసారి పాటలు దాటేసి ఆయన్ను మాత్రమే గమనించండి. కోపం పెరిగే కొద్దీ ఆయన గొంతు కిందికి దిగుతుంది, పైకి లేవదు. మాటకూ మాటకూ మధ్య ఒక్క క్షణం ఆగుతారు. ఆ ఆగడంలోనే ఎదుటోడికి చెమటలు పడతాయి. ఇది నాటకం నేర్పిన విద్య. చివరి వరసలో కూర్చున్న ముసలాయనకు కూడా మాట అందాల, కానీ అరిచినట్టు ఉండకూడదు. పైగా యాస ఎక్కడా అతికించినట్టు ఉండదు. అంతకుముందు మన మాటను పనోళ్ళకో, నవ్వించే పాత్రకో ఇచ్చేవాళ్ళు. దానికి అంత బరువు, అంత భయం ఉంటాయని తెర మీద చూపించింది ఈ లెక్కల మాస్టారే.

ఆ తర్వాత వరద. 1999లో ‘సమరసింహారెడ్డి’, 2000లో ‘జయం మనదేరా’, 2001లో ‘నరసింహనాయుడు’, 2002లో ‘చెన్నకేశవరెడ్డి’. ‘జయం మనదేరా’కు ఉత్తమ విలన్‌గా నంది అవార్డు వచ్చింది. నాలుగైదేళ్ళ పాటు సంక్రాంతి అంటే కొడవళ్ళు, దసరా అంటే బాంబులు. థియేటర్లలో ఈలలు వేసిందీ మనవాళ్ళే, అది మరిచిపోకూడదు.

సీమలో ఫ్యాక్షన్ లేదని ఎవరూ అనరు. ఉండేది, ఇండ్లు కూల్చింది, ఆడోళ్ళను చిన్న వయసులోనే విధవలను చేసింది. కానీ సినిమా దాన్ని తప్ప ఇంకేదీ చూడలేదు. ఏడాదికి 550 మిల్లీమీటర్ల లోపు వాన పడే జిల్లా మనది. దేశంలోనే అతి తక్కువ వానపడే జిల్లాల్లో ఒకటి. ఇక్కడ మనిషి పొద్దున లేస్తే మీసం మెలేయడు, మొగులు చూస్తాడు. బుడ్డలు విత్తాలా వద్దా, బోరులో నీళ్ళు వస్తాయా రావా, పిల్లోడు బెంగళూరు పోయి పనిలో చేరాడా లేదా... ఇవీ మా ఇండ్లల్లో మాటలు. వీరభద్రయ్య నోట బుడ్డల రేటు గురించి ఒక్క డైలాగు పడలేదు. అది ఆయన తప్పు కాదు. నటుడి చేతికి కాగితం వస్తుంది, అందులో ఉన్నది పలుకుతాడు. రాసినోళ్ళకూ, డబ్బు పెట్టినోళ్ళకూ కావాల్సింది సుమో, రోలు కాదు.

ఇంకో మాట. సీమ యాస ఒకటే కాదు. ఆళ్ళగడ్డ మాట వేరు, కడప మాట వేరు, మడకశిర పక్కకు పోతే కన్నడం కలిసిన మాట వేరు. సినిమా పుణ్యాన బయటోళ్ళకు ఇవన్నీ ఒకటే గొంతయి కూర్చున్నాయి.

తన మీసం మీద తనే జోకు

ఆ ముద్ర నుంచి బయటపడే దారి ఆయనే వెతుక్కున్నారు. భయపెట్టిన అదే గొంతుతో నవ్వించడం మొదలుపెట్టారు. 2005లో ‘ఎవడి గోల వాడిది’, 2007లో ‘ఢీ’, 2008లో ‘రెడీ’, 2009లో ‘కిక్’. ‘రెడీ’లో హీరోయిన్ మేనమామల్లో ఒకరిగా ఆయన సీరియస్‌గా ఉండే కొద్దీ బ్రహ్మానందం ఆడిటర్ పాత్ర ఇంకా పండింది. ఎదుటోడి జోకు పేలాలంటే తను నవ్వకూడదని బాగా తెలిసిన మనిషి. ఇప్పుడు వాట్సాప్ స్టిక్కర్లలో, రీల్స్‌లో తిరిగే ఆయన ముఖాల్లో ఎక్కువ ఈ రెండో ఇన్నింగ్స్‌వే.

ఇంత బిజీలోనూ స్టేజీ వదల్లేదు. ‘అలెగ్జాండర్’ అని ఒక ఏకపాత్ర నాటకం. గంటన్నర పాటు స్టేజీ మీద ఆయనొక్కరే. ఒంటరిగా బతికే రిటైర్డ్ మిలిటరీ మనిషి పాత్ర. అందులో ఆయనకు తోడు ఒక ఫోను. అవతల ఎవరున్నారో మనకు కనబడదు, ఆయన ముఖంలోనే చూసుకోవాల. కోట్ల మంది తనను విలన్‌గా గుర్తుపట్టే రోజుల్లో, వందల మంది కూర్చునే హాలు కోసం ఆయన ఆ నాటకాన్ని ఊరూరా తీసుకుపోయారు.

2020 సంక్రాంతికి వచ్చిన ‘సరిలేరు నీకెవ్వరు’లో, మళ్ళీ కర్నూలు కొండారెడ్డి బురుజు కథలోనే, ఆయన్ని థియేటర్లో చూసి నవ్వాం. ఆ సెప్టెంబర్ 8న, కరోనా కాలంలో, గుంటూరులో గుండెపోటుతో పోయారు. వయసు 74.

మరుసటి ఏడాది నెట్‌ఫ్లిక్స్‌లో ‘సినిమా బండి’ వచ్చింది. ఆంధ్రా–కర్ణాటక సరిహద్దు పల్లెలో ఒక ఆటో డ్రైవరుకు కెమెరా దొరుకుతుంది, ఊరంతా కలిసి సినిమా తీస్తారు. అంతే కథ. అందులో మనుషులు మాట్లాడేది మన హిందూపురం, మడకశిర దిక్కు వినబడే మాటలాంటిదే. ఒక్క బాంబు పేలదు. హాస్టల్లో ఈసారి సుమో ప్రశ్న వస్తే, రూమ్మేట్‌కు ఆ సినిమా పెట్టి చూపించండప్పా. దాని తర్వాత ‘ప్రేమించుకుందాం రా’ కూడా పెట్టండి, మాస్టారు గొంతు దించే చోట సౌండు పెంచండి.